ప్లేన్‌స్కేప్ టార్మెంట్: గేమ్ అని కొన్నా, వేదాంతం క్లాసులో కూర్చోబెట్టారు

ముందే చెప్పేస్తున్నా, గ్రాఫిక్స్‌కి ఇన్ని మార్కులు సౌండ్‌కి ఇన్ని మార్కులు అని వేసే రివ్యూ కాదిది. అలాంటివి కావాలంటే బోలెడున్నాయి. నేను రాసేది ఈ గేమ్ లోపల ఉన్న ఒక మతం లాంటిదాని గురించి, మతం అనకూడదేమో, సిద్ధాంతం అందాం, ఎవరో ఆఫీసులో కూర్చుని కల్పించిన సిద్ధాంతం, దాని కోసమే ఈ గేమ్ కొనొచ్చా లేదా అన్నది నా ప్రశ్న. కొనొచ్చు. ఎందుకో చెప్పడానికి మాత్రం కాస్త టైమ్ పడుతుంది, తీరిగ్గా ఉన్నప్పుడే చదవండి.

ఎప్పుడో సేల్‌లో కొని పడేసా దీన్ని. కొన్న రోజు గంట ఆడి ఇదేంట్రా బాబూ గేమ్ ఆడమంటే టెక్స్ట్‌బుక్ చదివిస్తున్నాడు అని మూసేసా. రెండోసారి ఇంకో తప్పు చేసా, మొదట్లో హీరో గుణాలకి పంచమని ఇచ్చే పాయింట్లన్నీ బలం మీద పోసి పహిల్వాన్‌ని తయారుచేసా, ఎవడు కనిపిస్తే వాడిని కొట్టుకుంటూ పోయా, బోర్ కొట్టి మళ్లీ మూసేసా. ఈలోగా 2023లో బాల్డర్స్ గేట్ 3 అని ఇంకో గేమ్ వచ్చింది, అందరిలాగే నేనూ దాంట్లో పడ్డా, అక్కడ లేజెల్ అని కోపిష్టి పిల్ల ఉంటుంది కదా, గిత్‌యాంకీ అనే తెగ, ఆమె కథ చూసాక వీళ్ల దాయాదులు గిత్‌జెరాయ్ అని ఇంకో తెగ ఉందని, వాళ్లలో ఒక పెద్దాయన ఈ పాత గేమ్‌లో ఉన్నాడని తెలిసింది. సరే అని మూడోసారి మొదలెట్టా. ఈసారి పాయింట్లన్నీ విజ్‌డమ్ మీద, అంటే వివేకం మీద పోసా. అంతే, అదే గేమ్, పూర్తిగా వేరే గేమ్.

చరిత్ర రెండు ముక్కల్లో. ఒరిజినల్ 1999 డిసెంబర్‌లో వచ్చింది, చేసింది బ్లాక్ ఐల్ స్టూడియోస్, అమ్మింది ఇంటర్‌ప్లే, లీడ్ డిజైనర్ క్రిస్ అవెలోన్. కథ జరిగే ప్రపంచం దానికంటే ముందుది, డంజన్స్ అండ్ డ్రాగన్స్ (బల్ల చుట్టూ కూర్చుని పాత్రలు వేసుకుంటూ ఆడే ఆట) వాళ్లు 1994లో తెచ్చిన ప్లేన్‌స్కేప్, దాన్ని డిజైన్ చేసింది డేవిడ్ జెబ్ కుక్. నేను ఆడింది ఎన్‌హాన్స్‌డ్ ఎడిషన్, 2017లో బీమ్‌డాగ్ వాళ్లు తెచ్చింది, ల్యాప్‌టాప్‌కీ ఉంది ఫోన్‌కీ ఉంది. స్క్రిప్ట్ సుమారు 8 లక్షల పదాలు అంటారు. ఆడినవాడిగా చెప్తున్నా, నమ్మబుద్ధవుతుంది.

ఈ ప్రపంచంలో అసలు రూలు ఏంటంటే, నమ్మకానికి బరువుంటుంది. మాటవరసకి అనడం కాదు, నిజంగానే. చాలామంది గట్టిగా నమ్మితే కొండ కదులుతుంది, ఊరు ఒక లోకంలోంచి ఇంకో లోకంలోకి జారిపోతుంది. అందుకే సిజిల్ అనే ఊళ్లో (గాజులాగా గుండ్రంగా వంగి ఉంటుంది ఊరు, తలెత్తితే ఆకాశం బదులు ఎదురింటి పైకప్పులు కనిపిస్తాయి) పార్టీలన్నీ కులం పేరు మీదో డబ్బు మీదో కాకుండా తత్వాల మీద నడుస్తాయి. పదిహేను పార్టీలు. ఒక్కోదానికీ ఒక సిద్ధాంతం, చాలావాటికి ఒక ఆఫీసు, ఊళ్లో ఒక పని. ఒకళ్లు జైలు చూస్తారు, ఒకళ్లు కోర్టు చూస్తారు, ఒకళ్లు శవాల సంగతి చూస్తారు. మన దగ్గర తత్వం అంటే రిటైరయ్యాక చూసుకునే పని కదా, అక్కడ ఉద్యోగం.

శవాల సంగతి చూసేవాళ్ల దగ్గరే గేమ్ మొదలవుతుంది. మన హీరో మార్చురీలో రాతిబల్ల మీద లేస్తాడు, పేరు గుర్తులేదు, ఒళ్లంతా మచ్చలు, వీపు మీద తనకి తనే రాసుకున్న సూచనలు పచ్చబొట్టుగా ఉంటాయి. పక్కన గాల్లో తేలే పుర్రె ఒకటి, పేరు మోర్ట్, నోరు మూయదు. ఇంకో గదిలో డాల్ అని ముసలాయన దగ్గుకుంటూ ఇంత లావు పుస్తకంలో వచ్చిన శవాల లెక్క రాస్తుంటాడు, అచ్చం చిత్రగుప్తుడే. ఈయన మన హీరోని చూసి ఉలిక్కిపడడు కూడా, నువ్వు ఇక్కడికి రావడం ఇదేం మొదటిసారి కాదులే అన్నట్టు మాట్లాడతాడు, ఎందుకంటే మన హీరోకి చావు రాదు, చచ్చినప్పుడల్లా లేస్తాడు, లేచినప్పుడల్లా కొంత మర్చిపోతాడు.

ఈ డాల్ వాళ్ల పార్టీ పేరు డస్ట్‌మెన్. వీళ్ల సిద్ధాంతం ఏంటంటే మనం బతికున్నాం అనుకోవడమే భ్రమ, అందరం ఆల్రెడీ చచ్చిపోయాం, ఇది బతుకూ కాదు అసలు చావూ కాదు, మధ్యలో ఒక నీడలాంటి స్థితి, కోరికలూ కోపాలూ ప్రేమలూ అన్నీ వదిలేస్తే గానీ నిజమైన చావు దొరకదు, అది దొరికితే ఇక తిరిగి రావడం లేదు. వినగానే మనకి మోక్షం గుర్తొస్తుంది, నాకూ అదే గుర్తొచ్చింది, కానీ కాసేపు ఆగి చూస్తే తేడా తెలుస్తుంది. మోక్షంలో ఆనందం అని ఒక మాటుంది, వీళ్ల దగ్గర అదీ లేదు, చివర దొరికేది ఏమీ లేకపోవడమే. మనకి శ్మశాన వైరాగ్యం అని ఒక మాటుంది కదా, కాటి దగ్గర ఉన్నంతసేపు ఏముందిరా ఈ బతుకులో అనిపించి, ఇంటికొచ్చి స్నానం చేసి కాఫీ తాగగానే పోతుంది చూడండి, అది పోకుండా పర్మనెంట్‌గా ఉండిపోయినవాళ్లు డస్ట్‌మెన్. కాఫీ తాగనివాళ్లన్నమాట.

నాకు నచ్చింది ఏంటంటే రాసినవాళ్లు సిద్ధాంతం చెప్పి వదిలెయ్యలేదు, దాన్నుంచి వ్యాపారం ఎలా పుడుతుందో కూడా ఆలోచించారు. శరీరం ఉత్త తొడుగే అయితే దాన్ని అమ్మితే తప్పేంటి? అందుకని వీళ్ల దగ్గర శవ ఒప్పందం ఉంటుంది, బతికుండగా సంతకం పెట్టి డబ్బు తీసుకుంటావు, చచ్చాక నీ ఒళ్లు వాళ్లది, లేపి జాంబీని చేసి మార్చురీలో చాకిరీ చేయించుకుంటారు. సంతకాలు పెట్టేది ఎవరు? పూట గడవని వాళ్లు. అంటే కోరికలు వదలండి అని చెప్పే సంస్థ కింద పేదవాళ్ల శవాలు జీతం లేకుండా పనిచేస్తుంటాయి, ఇదేంటని అడిగితే అయ్యో ఇప్పుడు అందులో ఎవరూ లేరు బాబూ అంటారు. వాళ్ల తర్కంలో తప్పు పట్టుకోలేం, ఒళ్లు మాత్రం జలదరిస్తుంది. వాళ్లు కూర్చునే బార్ ఒకటుంది, అక్కడ సందేహం పట్టుకున్న డస్ట్‌మన్ ఒకావిడ ఉంటుంది, సియర్ అని, ఆవిడతో వాదించొచ్చు. పార్టీలో చేరాలన్నా అక్కడే. నేను చేరలేదు, కాఫీ మానలేక.

మిగతా పార్టీల గురించి గబగబా చెప్పేస్తా. సెన్సేట్స్ అని ఉన్నారు, అనుభవించినదే నిజం అంటారు, వీళ్లని చూసి మన చార్వాకుల టైపు, తిను తాగు ఎంజాయ్ చెయ్యి బ్యాచ్ అనుకున్నా మొదట్లో, కాదు, వీళ్లు నొప్పిని కూడా వదలరు, ఏడుపుని కూడా వదలరు, రాళ్లలో అనుభవాలు దాచిపెట్టి లైబ్రరీ పుస్తకాల్లాగా ఒకళ్లవి ఒకళ్లు అనుభవిస్తారు. ఆ రాళ్లలో ఒకటి మన హీరో పాత జన్మ తాలూకుది ఉంటుంది, ఒకమ్మాయి ప్రేమకి సంబంధించింది, అది ముట్టుకున్నాక నేను లేచి బాల్కనీలో పది నిమిషాలు నిలబడ్డా, అంతకంటే చెప్పను. గాడ్స్‌మెన్ అని ఉన్నారు, కొలిమి దగ్గర పనిచేస్తూ మనిషి కూడా ఇనుములాంటోడే, దెబ్బలు తింటే సాగి సాగి దేవుడవుతాడు అంటారు. కయాస్‌మెన్ మాట్లాడేది తలకిందులుగా ఉంటుంది, రెండు నిమిషాలు నవ్వొస్తుంది, తర్వాత చిరాకు.

వీళ్లందరినీ పక్కన పెట్టండి. నేను ఇంతసేపు రాసింది డాకాన్ దగ్గరికి రావడానికే.

స్మోల్డరింగ్ కార్ప్స్ అని ఒక బార్, దాంట్లో నిలువునా మండుతూ చావకుండా వేలాడే మనిషి ఒకడుంటాడు, వాడే ఆ బార్‌కి సైన్‌బోర్డు. అక్కడ ఒక మూల సన్నటి ముసలాయన నిలబడి ఉంటాడు, ఆయనే డాకాన్, ఇందాక చెప్పిన గిత్‌జెరాయ్ పెద్దాయన, పసుపు పచ్చటి ఒళ్లు, చేతిలో కత్తి. మాట తక్కువ. మీరు అడగ్గానే మీ వెంట వచ్చేస్తాడు, ఎందుకొస్తున్నాడో చెప్పడు. అదే మొదటి తేడా కొట్టాల్సిన విషయం, నాకు కొట్టలేదు, ఫ్రీగా ఒక కత్తివీరుడు దొరికాడు కదా అనుకున్నా.

ఈయన జాతి వాళ్లు లింబో అనే లోకంలో ఉంటారు, అక్కడ నేల ఉండదు, నీళ్లూ నిప్పూ గాలీ అంతా కలిసి మరుగుతున్న గంజిలాగా ఉంటుంది. అందులో ఊళ్లు ఎలా కట్టారంటే మనసుతో. అక్కడివాళ్లు ఏకాగ్రతతో ఉన్నంతసేపు గోడ గోడలాగా ఉంటుంది, మనసు చెదిరితే గోడ కరిగిపోతుంది. ఆయన కత్తి కూడా అదే పదార్థం, కరాక్ అంటారు, పట్టుకున్నవాడి మనసు ఎలా ఉంటే కత్తి అలా ఉంటుంది. స్థిరంగా ఉంటే పదును, అనుమానం వస్తే మొద్దు. ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. ఎంతమంది గురువులు ఎన్నేళ్ల నుంచి చెప్తున్నారు మనసు నిలపాలి మనసు నిలపాలి అని, నిలపకపోతే ఏమవుతుందంటే సరైన జవాబు చెప్పినవాళ్లు తక్కువ. ఇక్కడ జవాబు సూటిగా ఉంది. ఊరు మునిగిపోతుంది.

ఈయన దగ్గర అరచేతిలో పట్టే రాతి చక్రం ఒకటుంటుంది, ఒకదాంట్లో ఒకటి ఇరుక్కున్న వలయాలు, తిప్పితే తెరుచుకుంటాయి, లోపల రాతలుంటాయి. జెర్థిమాన్ చక్రం అంటారు, వాళ్ల జాతిని విడిపించినవాడి కథలు అందులో ఉన్నాయి. మీరు అడిగితే నేర్పిస్తాడు. నేర్పించే పద్ధతి చూసి నేను నిజంగా ముచ్చటపడ్డా. ఒక వలయం తిప్పి చదువుకో అంటాడు, చదివాక ఏం అర్థమైందో చెప్పు అంటాడు, మీరు జవాబు ఎంచుకోవాలి, పైపైన చెప్తే ఆయన నొచ్చుకోడు, తిట్టడు, మళ్లీ చదువు అంటాడు. అర్థమైతేనే తర్వాతి వలయం. విజ్‌డమ్ తక్కువుంటే ఆ జవాబు మీకు లిస్టులో కనిపించనే కనిపించదు, అందుకే పహిల్వాన్‌తో ఆడినప్పుడు నాకు ఈ గేమ్‌లో ఇది ఉందని కూడా తెలియలేదు.

మొదటి పాఠం ఏంటంటే, ఆదిలో అంతా గందరగోళం, మొదటి మనుషులు తమని తాము ఎరిగి ఉన్నారు కాబట్టి ఆ గందరగోళంలో నిలబడ్డారు, ఎప్పుడైతే తమని తాము ఎరగడం మానేసారో అప్పుడు ఇల్లిథిడ్స్ వచ్చి (బాల్డర్స్ గేట్ 3లో మైండ్ ఫ్లేయర్స్ అన్నారే, మూతి దగ్గర ఆక్టోపస్ కాళ్లు వేలాడతాయి, వాళ్లే) బానిసల్ని చేసుకున్నారు. అంటే బలం లేక బానిసలవ్వలేదు, ఎరుక పోయి అయ్యారు. ఈ ఎరుక అన్న మాట నేను కావాలనే వాడుతున్నా. డాకాన్ మాట్లాడేటప్పుడు తెలుసుకోవడం అన్న మాట వచ్చినప్పుడల్లా దాన్ని ప్రత్యేకంగా ఒత్తి పలుకుతాడు, స్క్రీన్ మీద కూడా ఆ మాట విడిగా కనిపించేలా పెట్టారు. ఇంగ్లీషులో అది కాస్త విచిత్రంగా, ఏదో స్టయిలు కొడుతున్నట్టు అనిపిస్తుంది. తెలుగులో అయితే ఆ అవస్థే లేదు, తెలుసు వేరు, ఎరుక వేరు. బస్సు ఎన్నింటికో తెలుసు అంటాం, ఎరుక అనం (తెలంగాణ వాళ్లు అంటారు లెండి, ఎరుకేనా అని, అది ఇంకా అందం). మా తాతయ్య సాయంత్రాలు అరుగు మీద కూర్చుని ఎరుక కలగాలిరా ఎరుక అని పాడేవాడు, నేను చిప్స్ తింటూ వినేవాణ్ని, ముప్పై ఏళ్ల తర్వాత ఒక పసుపుపచ్చ గ్రహాంతరవాసి లాంటోడు వచ్చి అదే మాట చెప్తే గానీ చెవికెక్కలేదు. ఈ గేమ్‌కి తెలుగు లేదు, హిందీ కూడా లేదు, ఎవరైనా ఎప్పుడైనా చేస్తే డాకాన్ డైలాగులు ఒరిజినల్ కంటే బాగా వస్తాయని పందెం కాస్తా.

రెండో పాఠం నాకు అన్నింట్లోకీ ఇష్టం. జెర్థిమాన్ బానిసగా ఉన్న రోజుల్లో ఇనుము గురించి ఆలోచిస్తాడు. మాంసం ఇనుముని గీరలేదు, ఇనుము మాంసాన్ని గీరుతుంది, ఇంతే, దీంట్లో కొత్తేముంది, కూరగాయలు కోసేటప్పుడు వేలు తెగినవాళ్లందరికీ తెలిసిందే. కానీ అక్కణ్నుంచి ఇంకో అడుగు వేస్తాడు, యజమాని మూతి దగ్గర వేలాడేవి కూడా మాంసమే కదా అని. ఆ క్షణంలో స్వతంత్రుడయ్యాడు అంటుంది చక్రం, అప్పటికి ఇంకా ఎవర్నీ పొడవలేదు, సంకెళ్లు అలాగే ఉన్నాయి, పని అలాగే చేస్తున్నాడు. ఎంత చిన్న మాట మీద ఎంత పెద్దది కట్టారు చూడండి. భయపెట్టేవాడు కూడా మనలాంటి పదార్థంతోనే తయారయ్యాడు అని ఎరగడమే మొదటి మెట్టు. ఇది చదివాక మర్నాడు ఆఫీసులో అప్రైజల్ మీటింగ్ ఉంది నాకు, ఎదురుగా కూర్చున్నాయన మొహం చూస్తూ మాంసమే, మాంసమే అనుకుంటూ కూర్చున్నా. హైక్ ఏం పెరగలేదు గానీ చెమట పట్టలేదు.

ఒక్కో వలయం అర్థమయ్యేకొద్దీ కొత్త మంత్రాలు చేతికొస్తాయి, ఇది గేమ్ వైపు నుంచి చూస్తే మామూలు విషయమే, అన్ని గేముల్లోనూ క్వెస్ట్ చేస్తే ఏదో ఒకటి ఇస్తారు. ఇక్కడ మాత్రం ఇచ్చే కారణం అతికింది. ఆ లోకంలో ఎరుకే బలం, కాబట్టి ఎరిగితే బలం రావాలి, వచ్చింది. కత్తి తీసుకుని పది మందిని నరికితే జ్ఞానం పెరిగింది అని చూపించే గేములు చూసి చూసి విసుగొచ్చినవాడికి ఇది ఎండలో మజ్జిగ.

ఇక్కణ్నుంచి కథ గుట్టు బయటపెడుతున్నా, ఆడాలనుకునేవాళ్లు రెండు పేరాలు దాటెయ్యండి.

విడుదల దొరికాక జాతి రెండుగా చీలింది. గిత్ అనే నాయకురాలు యుద్ధం ఆపకూడదు, లోకాలన్నీ గెలుద్దాం అంది, జెర్థిమాన్ చాలు, ఇల్లు కట్టుకుందాం అన్నాడు. ఆ తెగతెంపుల మాటని వాళ్లు రెండు ఆకాశాల ప్రకటన అంటారు, మన భాషలో అయితే ఒక ఒరలో రెండు కత్తులు ఇమడవు అనేవాళ్లు. ఆమె వైపు వెళ్లినవాళ్లు గిత్‌యాంకీ, ఈయన వైపు గిత్‌జెరాయ్, అప్పట్నుంచీ కనిపిస్తే నరుక్కుంటారు, దాయాదుల పగ మనకి కొత్తగా చెప్పాలా. ఇప్పుడు అసలు ముల్లు ఎక్కడుందంటే, ఆ చీలిక వల్ల లాభం ఎవరికి? తరుముతున్న సైన్యం తనలో తాను కొట్టుకుంటే పారిపోతున్న పాత యజమానులు బతికిపోతారు. అంటే జెర్థిమాన్ ఆ మాట తన మనసుతో అన్నాడా, లేక మనసులోకి దూరి ఆడించగల ఇల్లిథిడ్సే అనిపించాయా? ఈ అనుమానం డాకాన్‌కి వచ్చింది. గురువులాంటివాడికి వచ్చింది, మనసుతో నిలబడే ఊళ్లో ఉంటూ వచ్చింది. ఆయన కత్తి కరిగిపోయింది, లింబోలో మునిగిపోతూ చావుబతుకుల మధ్య ఉన్నాడు, అప్పుడొచ్చాడు మన హీరో, అంటే హీరో పాత జన్మ, అన్ని జన్మల్లోకీ లెక్కల మనిషి. ఆ కత్తి తనకి పనికొస్తుందని వచ్చాడు. ఈ చక్రం ఇచ్చి ముసలాయన్ని నిలబెట్టాడు. బదులుగా ఆయన ప్రమాణం చేసాడు, నీ ప్రాణం పోయేదాకా నీ వెంటే ఉంటా అని. చావే రాని మనిషికి! బానిసత్వం అంటే చావు కంటే హీనం అనుకునే జాతిలో పుట్టి, తన నోటితో తనే అంతులేని బానిసత్వం రాసుకున్నాడు. బార్‌లో మూల నిలబడి ఊరికే మన వెంట ఎందుకొచ్చాడో అప్పుడు అర్థమవుతుంది, నాకైతే కడుపులో చెయ్యిపెట్టి తిప్పినట్టయింది, ఎందుకంటే అప్పటిదాకా ఆయన్ని నేను ముందుకి తోసి దెబ్బలు తినిపించాను.

అంతటితో అయిపోలేదు. చివర్లో ఆ లెక్కల జన్మ మనకి ఎదురుపడి ఏం చెప్తాడంటే ఆ చక్రం ఉత్తుత్తిదే, ముసలోడు ఏడుపు ఆపి పనికొస్తాడని నేనే అల్లి ఇచ్చాను అంటాడు. అంటే మనం అన్ని గంటలు కూర్చుని మళ్లీ మళ్లీ చదువుకుని మురిసిపోయిన ఎరుక, ఇనుము, మాంసం, అంతా ఒక మోసగాడి చేతిరాత. మరి దాంతో డాకాన్ నిలబడ్డాడు కదా? కత్తికి పదును తిరిగొచ్చింది కదా? దీని మీద నేను చాలా రోజులు ఆలోచించా. ఒకటేమో, వాడు అబద్ధాలకోరు కాబట్టి ఆ మాట కూడా నమ్మక్కర్లేదు. రెండోది ఇంకా తమాషా. డాకాన్‌కి ఆ చక్రంలో ఆరు వలయాలే తెలుసు. మీ విజ్‌డమ్ బాగా ఉంటే ఆరు అయ్యాక రాయిని ఇంకోలా తిప్పితే ఏడోదీ ఎనిమిదోదీ బయటపడతాయి, అప్పుడు శిష్యుడు గురువుకి పాఠం చెప్తాడు, ఆయన మనసులో ముల్లు అక్కడ తీస్తాడు, కత్తి ఇంకా పదునెక్కుతుంది. ఊరికే ఒకణ్ని వాడుకోవడానికి అల్లిన నకిలీ అయితే అవతలివాడికి కనపడకుండా మందు కూడా అందులో దాచిపెట్టి ఎందుకు ఇస్తాడు? గేమ్ జవాబు చెప్పదు. మన దగ్గర కూడా ఫలానా శ్లోకం ప్రక్షిప్తం, తర్వాత ఎవరో చొప్పించారు అని పండితులు తేల్చేస్తారు, ఆ శ్లోకం పట్టుకునే బతుకు ఈదినవాళ్లు ఊరికొకరు ఉంటారు, వాళ్లకి పోయి చెప్పండి చూద్దాం. నేను ఏ వైపూ తేల్చుకోలేదు. ఒకటి మాత్రం ఖాయం, కల్పిత తత్వాలు పెట్టిన ఫాంటసీలు చాలా చూసా, పేరు గంభీరంగా ఉంటుంది, నాలుగు సూక్తులుంటాయి, గడ్డం ఉన్న ముసలాడు ఉంటాడు, అంతే. తన సొంత సిద్ధాంతానికి గొయ్యి తవ్వి, ఆ గోతి అంచు మీద మనల్ని నిలబెట్టినది మాత్రం ఇదొక్కటే.

గుట్టు అయిపోయింది, దాటేసినవాళ్లు ఇక్కణ్నుంచి చదవండి.

ఇంకొకణ్ని తలవకపోతే అన్యాయం, వెయిలర్. ఉత్త కవచం, లోపల మనిషి లేడు, చచ్చి చాలాకాలమైంది, న్యాయం మీద నమ్మకం అంత గట్టిది కాబట్టి చచ్చిన సంగతి తెలియక ఇంకా నిలబడి ఉన్నాడు. గొంతు ఇచ్చింది కీత్ డేవిడ్, ఆ గొంతు ఇయర్‌ఫోన్స్‌లో వింటే వెన్ను నిటారుగా అవుతుంది. వాడితో మాట్లాడి మాట్లాడి, నువ్వు లేవు అని ఒప్పిస్తే, ఆగిపోతాడు. కత్తి తియ్యక్కర్లేదు. ఆ మాటకొస్తే ఆఖరి శత్రువుని కూడా మాటలతోనే దించొచ్చు, నేను అలాగే దించా. మధ్యలో ఒక మంత్రగత్తె ఒక ప్రశ్న వేస్తుంది, మనిషి స్వభావాన్ని మార్చేది ఏది అని, గేమ్ అంతా ఆ ఒక్క ప్రశ్న చుట్టూనే తిరుగుతుంది, దానికి సరైన జవాబు ఇదీ అని లేదు, నువ్వేం నమ్ముతావో చెప్పు అంటుంది. మన యక్షుడు దీనికంటే స్ట్రిక్టు.

ఇక తిట్లు. ఫైటింగ్ అస్సలు బాలేదు, మొహమాటం లేకుండా చెప్తున్నా, ఎవరు ఎవర్ని కొడుతున్నారో తెలీదు, క్లిక్ చేసి టీ పెట్టుకుని రావచ్చు. మొదటి సగం ఊళ్లో తిరుగుతూ జనంతో మాట్లాడుతూ ఉన్నంతసేపు స్వర్గం, ఊరు దాటి నరకం వైపు వెళ్లాక రాసినవాళ్లకి టైమ్ అయిపోయినట్టుంది, మాటలు తగ్గి కొట్లాటలు పెరుగుతాయి, సరిగ్గా రివర్సులో ఉండాల్సింది. వాయిస్ కొంచెమే, మిగతాదంతా చదువుకోవాల్సిందే, ఆ ఇంగ్లీషు కూడా మామూలుది కాదు, ఊరి వాళ్లు పాత లండన్ గల్లీ భాష టైపులో మాట్లాడతారు, మొదటి రెండు గంటలు సగం మాటలు అర్థం కావు, కంగారు పడకండి, తర్వాత మీకే ఆ యాస వచ్చేస్తుంది. ఆడవాళ్ల బొమ్మలు, వేషాలు తొంభైల నాటి కుర్రాళ్ల బుర్రతో గీసినట్టున్నాయి, ఇంట్లో ఎవరైనా వెనక నుంచి చూస్తే ఏంట్రా ఆడుతున్నావ్ అంటారు, తత్వశాస్త్రం అని చెప్తే నమ్మరు.

ఏది కొనాలి అంటే ఎన్‌హాన్స్‌డ్ ఎడిషనే కొనండి, జూమ్ ఉంది, కింద పడ్డ వస్తువులు, తలుపులు మెరిసేలా చూపించే బటన్ ఉంది, ఈ బటన్ లేకుండా అప్పట్లో ఎలా ఆడారో దండం పెట్టాలి. ఫోన్‌లో వద్దు, అంత టెక్స్ట్ చదివితే కళ్లజోడు ఖాయం, ట్యాబ్ అయితే పర్లేదు, ల్యాప్‌టాప్ బెస్ట్. పాత ల్యాప్‌టాప్ అయినా చాలు. సేల్ వస్తూనే ఉంటుంది, తొందరేం లేదు. గ్రాఫిక్స్ కావాలి, యాక్షన్ కావాలి అనుకునేవాళ్లు దయచేసి కొనకండి, కొని ఒక స్టార్ ఇచ్చి మా పెద్దాయన్ని అవమానించకండి. చదవడం అలవాటున్నవాళ్లు, పురాణ కాలక్షేపంలో వెనక వరసలో కూర్చుని మరి అలా ఎందుకు చేసాడు అని అడిగి మొట్టికాయ తిన్నవాళ్లు, మీరు కొనండి.

మొదలెట్టినప్పుడు విజ్‌డమ్ ఎక్కువ పెట్టుకోండి, తర్వాత ఇంటెలిజెన్స్, బలం సంగతి మర్చిపోండి. చావంటే భయపడొద్దు, చస్తే మళ్లీ లేస్తారు, కొన్నిచోట్ల చస్తే గానీ పని అవ్వదు. డాకాన్‌ని తొందరగా కలుపుకోండి, కలుపుకున్నాక రోజుకోసారైనా ఆయనతో మాట్లాడండి, చక్రం గురించి అడగండి, తొందరపెట్టకండి. ఇంకొకటి, హీరోకి పేరు లేదు కదా, ఊళ్లో ఎవరైనా నీ పేరేంటి అని అడిగితే జవాబుల్లో అడాన్ అని ఒక అబద్ధం పేరు కనిపిస్తుంది, కనిపించినప్పుడల్లా అదే చెప్తూ పోండి, అందరికీ, విసుగు లేకుండా. ఎందుకో నేను చెప్పను. ఓ పదిమందికి చెప్పాక ఆ మండే మనిషి ఉన్న బార్‌కి వెళ్లి అటూ ఇటూ చూడండి.